ఏడేళ్ల చిల్లర బతికిన పార్టీ: లుయీజి స్టుర్జో, ఇటలీ పాపులర్ పార్టీ
(స్మారకోపన్యాస పాఠం)



ఈ స్మారకోపన్యాసం ఎవరి పేరిట జరుగుతోందో ఆ మాస్టారి దగ్గర ఐరోపా చరిత్ర చదువుకున్నవాళ్లు ఈ హాల్లో చాలామంది ఉన్నారు. ముస్సోలిని అధికారానికి వచ్చిన ఘట్టం రాగానే మాస్టారు ఫాసిస్టుల నల్లచొక్కాల దండు గురించి మొదలుపెట్టేవారు కాదు. 1921 ఎన్నికల తర్వాత ఇటలీ ప్రతినిధుల సభలో ఎవరి బలం ఎంతో బోర్డు మీద రాసేవారు. మొత్తం స్థానాలు 535. సోషలిస్టులు 123. పాపులర్ పార్టీ 108. కమ్యూనిస్టులు 15. ఫాసిస్టులు 35. మిగతావాటిలో ఎక్కువ రకరకాల ఉదారవాదులవి. రాసి మావైపు తిరిగి, ముప్పై అయిదు మంది ఉన్నవాడు ప్రధాని ఎలా అయ్యాడో చెప్పండి అనేవారు. దండు వచ్చి భయపెట్టిందని చెబితే ఒప్పుకునేవారు కాదు. సభలో మిగిలిన అయిదువందల మంది ఏం చేస్తున్నారని అడిగేవారు.

ఆ ప్రశ్నకు సోషలిస్టుల వైపు నుంచి జవాబులు చాలా వచ్చాయి. పాపులర్ పార్టీ వైపు నుంచి చూసినవాళ్లు మన దగ్గర తక్కువ. క్యాథలిక్ విశ్వాసం నుంచి పుట్టి, చర్చి చెప్పుచేతల్లో ఉండనని ప్రకటించి, పేదరైతుల ఓట్లతో ఒక్కసారిగా ఎదిగిన ఆ పార్టీ 1919 జనవరిలో పుట్టింది. 1926 నవంబరులో నిషేధంతో ముగిసింది. ఎనిమిదేళ్లు కూడా నిండలేదు. ఈరోజు దాని గురించే మాట్లాడతాను.

కొంచెం వెనక్కి వెళ్లాలి. 1870 సెప్టెంబరులో ఇటలీ సేనలు రోమ్‌ను పట్టుకున్నాయి. అంతవరకు రోమ్‌కు రాజు కూడా అయిన పోప్ వాటికన్ గడప దాటనని, ఈ కొత్త రాజ్యాన్ని గుర్తించనని భీష్మించుకున్నాడు. పార్లమెంటు ఎన్నికల్లో క్యాథలిక్కులు నిలబడటం గానీ ఓటు వేయడం గానీ తగదని చర్చి ఆదేశించింది. దేశంలో దాదాపు అందరూ క్యాథలిక్కులే. అయినా దేశ రాజకీయాల్లో ఆ పేరుతో మాట్లాడేవాళ్లు లేకుండా అర్ధ శతాబ్దం గడిచింది. అయితే ఈ నిషేధం పార్లమెంటుకే. మునిసిపాలిటీ ఎన్నికలకు, జిల్లా ఎన్నికలకు లేదు. తర్వాతి కాలంలో పార్టీని నడిపిన వాళ్లలో చాలామంది రాజకీయం నేర్చుకున్నది ఆ సందులోనే. మంచినీళ్లు, పన్నులు, ఊరి బడి, సహకార పరపతి సంఘం. వాళ్ల ఆలోచన ఎప్పుడూ ఊరినుంచి మొదలై పైకి వెళ్తుంది. రాజధానిలో మొదలై కిందికి రాదు.

1891లో పోప్ పదమూడో లియో కార్మికుల స్థితిగతుల మీద రేరుమ్ నొవారుమ్ అనే విశ్వలేఖ వెలువరించాడు. న్యాయమైన కూలి, సంఘం పెట్టుకునే హక్కు చర్చి నోట వినిపించేసరికి యువ గురువులు ఉత్సాహంగా కదిలారు. వాళ్లలో ముందున్న రోమోలో ముర్రి, క్రైస్తవ ప్రజాస్వామ్యం పేరిట ఒక ఉద్యమమే లేవదీశాడు. అది రాజకీయంగా మారుతోందని చూసి అదే లియో 1901లో కళ్లెం వేశాడు. 1904లో పదో పియస్ క్యాథలిక్ సంఘాలన్నిటికీ పెద్దదిక్కుగా ఉన్న సంస్థనే రద్దు చేశాడు. 1909లో ముర్రి చర్చి నుంచి వెలి అయ్యాడు. చర్చి అనుమతి లేకుండా చర్చి పేరుతో పార్టీ పెడితే ఏమవుతుందో ఆ తరానికి కళ్లముందే కనిపించింది.

ఇదంతా జాగ్రత్తగా గమనిస్తున్న గురువు ఒకాయన సిసిలీ ద్వీపంలో ఉన్నాడు. లుయీజి స్టుర్జో, 1871 నవంబరు 26న కల్తజిరోనె అనే కొండ ఊళ్లో, భూములున్న కుటుంబంలో పుట్టాడు. అన్న మారియో తర్వాతి రోజుల్లో బిషప్ అయ్యాడు. స్టుర్జో 1894లో గురుపట్టం పొందాడు. సిసిలీలో రైతులూ గని కార్మికులూ పెట్టుకున్న సంఘాలను ప్రధాని క్రిస్పి ప్రభుత్వం సైన్యాన్ని దింపి అణచివేసిన ఏడు అది. మరుసటి ఏడు ఈస్టర్ ముందు శనివారం రోమ్‌లో పాత యూదుల వాడకు ఇళ్లు దీవించడానికి వెళ్లి, అక్కడి పేదరికం చూసి మనసు చెదిరిందని తర్వాత ఆయనే చెప్పుకున్నాడు. చదువు ముగించుకుని ఊరికి తిరిగివచ్చి సహకార పరపతి సంఘం పెట్టాడు. 1897లో పత్రిక పెట్టాడు. భూస్వాముల దగ్గర భూమి చేసుకునే రైతులను కూడగట్టి కౌలు షరతుల మీద సమ్మె చేయించాడు. 1905 నుంచి 1920 దాకా ఆ ఊరి పురపాలనను నడిపింది ఆయనే. గురువు మేయర్ కావడానికి వీల్లేదు కాబట్టి ఉపమేయర్ హోదాలో కూర్చుని పదిహేనేళ్లు పనిచేశాడు. కల్తజిరోనె రంగులద్దిన మట్టిపాత్రలకూ పలకలకూ పేరుపడ్డ ఊరు. ఆ పని చచ్చిపోకుండా 1918లో దానికొక బడి పెట్టించాడు. ఆయన్ను తత్వవేత్తగా, సమాజ శాస్త్రవేత్తగా చెప్పుకునే పుస్తకాలు చాలా ఉన్నాయి. నాకు మాత్రం ముందుగా కనిపించేది ఈ మునిసిపాలిటీ మనిషే.

1905 డిసెంబరులో సొంత ఊళ్లోనే ఆయన ఒక ప్రసంగం చేశాడు. క్యాథలిక్కులు సంప్రదాయవాద ధనికులకు తోకలా ఉండకూడదు. చర్చికి ప్రతినిధులుగా కాక, పౌరులుగా, తమదైన సామాజిక కార్యక్రమంతో జాతీయ పార్టీగా ఏర్పడాలి. అందులోని సారం ఇది. దాన్ని ఆచరణలో పెట్టడానికి పదమూడేళ్లు ఆగాడు. మధ్యలో 1913లో మరో తరహా ఏర్పాటు జరిగింది. చర్చి బడులకూ కుటుంబ చట్టాలకూ హాని చేయమని మాటిచ్చిన ఉదారవాద అభ్యర్థులకు క్యాథలిక్ ఓట్లు వేయించారు. జెంటిలోనీ ఒప్పందం అని దానికి పేరు. స్టుర్జోకు ఇది రుచించలేదు. ఓటు మనది, సభలో గొంతు వేరేవాళ్లది అయితే లాభమేమిటన్నది ఆయన అభ్యంతరం.

తర్వాత యుద్ధం వచ్చింది. దాదాపు 6 లక్షల మంది ఇటలీ సైనికులు చనిపోయారు. కందకాల్లో ఎక్కువమంది పల్లెరైతులే. యుద్ధం ముగిశాక భూమి ఇస్తామని వాళ్లకు ఆశ చూపారు. తిరిగొచ్చిన ఆ మనుషులు పాతకాలపు ఉదారవాద పెద్దమనుషులకు ఓటేసే స్థితిలో లేరు. అదను అదేనని స్టుర్జో గ్రహించాడు. 1918 నవంబరులో వాటికన్ విదేశాంగ, పరిపాలన బాధ్యతలు చూసే కార్డినల్ గాస్పార్రిని కలిసి, తన ఆలోచన చెప్పి, పాత నిషేధం తొలగించమని కోరాడు. వాటికన్ ఈ పార్టీని తనదని చెప్పదు, వద్దని కూడా అనదు. అంతవరకు హామీ దొరికింది. ఆ హామీలో ఎంత బలముందో, ఎంత బలహీనత ఉందో నాలుగేళ్లలో తేలింది.

1919 జనవరి 18న రోమ్‌లోని సాంతా కియారా హోటల్ నుంచి, స్వేచ్ఛాపరులూ బలవంతులూ అయిన మనుషులందరినీ ఉద్దేశించి ఒక పిలుపు వెలువడింది. పారిస్‌లో శాంతి మహాసభ మొదలైన రోజు కూడా అదే. పిలుపుతోపాటు పన్నెండు అంశాల కార్యక్రమం ప్రకటించారు. కుటుంబ రక్షణ, విద్యాస్వేచ్ఛ, కార్మిక రైతు సంఘాలకు చట్టబద్ధ గుర్తింపు, చిన్న కమతాలకు అండ, మునిసిపాలిటీలకూ ప్రాంతాలకూ స్వపరిపాలన, పన్నుల సంస్కరణ, చర్చికి స్వేచ్ఛ, దామాషా ఎన్నికలు, స్త్రీలకు ఓటు, ఎన్నికైన సెనేట్, నానాజాతి సమితి, ఆయుధాల తగ్గింపు. 1919లో ఒక గురువు నడిపే పార్టీ స్త్రీలకు ఓటు అడిగిందన్న సంగతి దగ్గర చదివేవాళ్లు ఆగాలి. స్త్రీలకు ఓటు హక్కు ఇటలీలో వచ్చింది 1945లో.

పార్టీ పేరులో క్రైస్తవం అన్న మాట ఎక్కడా లేదు. స్టుర్జో పట్టుబట్టి అలా ఉంచాడు. చర్చి అందరిదీ, పార్టీ కొందరిది, అందరిదైన దాని పేరు కొందరి పోటీకి వాడుకోకూడదని ఆయన వాదన. 1919 జూన్‌లో బొలోన్యాలో తొలి మహాసభ జరిగింది. అగుస్తీనో జెమెల్లి, ఫ్రాంచెస్కో ఒల్జాతి అనే ఇద్దరు గురువులు లేచి, క్యాథలిక్ పార్టీ అని చెప్పుకోవడానికి సిగ్గెందుకని నిలదీశారు. స్టుర్జో మాట నెగ్గింది. ఆ సభకు అధ్యక్షత వహించింది త్రెంతో ప్రాంతం నుంచి వచ్చిన అల్చీదే దె గాస్పెరి. ఆ ప్రాంతం ఆస్ట్రియా ఏలుబడిలో ఉన్నప్పుడు వియన్నా పార్లమెంటులో సభ్యుడిగా ఉన్నవాడు. ఈ పేరు గుర్తుంచుకోండి, మళ్లీ వస్తుంది.

పిలుపు మీద సంతకాలు చేసినవాళ్లను చూస్తే పార్టీ లోపలి బిగువు అప్పుడే తెలుస్తుంది. ఒకపక్క అక్కీల్లె గ్రాందీ, చిన్న వయసులోనే ప్రెస్సులో పనికి కుదిరిన కార్మిక నాయకుడు. ఇంకోపక్క కార్లో సాంతూచ్చి, బాంకో ది రోమాలో పెద్ద. పత్రికల యజమాని అయిన కౌంట్ గ్రోసోలి ఆయన పక్కనే. రెండుపక్కలవాళ్లూ ఒకే విశ్వాసం కలవాళ్లు, ఒకే కార్యక్రమం మీద సంతకం పెట్టినవాళ్లు. కౌలు తగ్గించాలా వద్దా అన్న దగ్గర ఒకటి కాలేరు.

1919 నవంబరు 16న ఎన్నికలు. దామాషా పద్ధతి తొలిసారి. పోప్ పదిహేనో బెనెడిక్ట్ పాత నిషేధాన్ని ఎత్తేశాడు. పది నెలల వయసున్న పార్టీకి 20 శాతానికి పైగా ఓట్లు, 508లో 100 స్థానాలు వచ్చాయి. సోషలిస్టులకు 156. అదే ఎన్నికల్లో మిలాన్‌లో నిలబడ్డ ముస్సోలిని జాబితాకు ఒక్కటీ రాలేదు. పాపులర్ పార్టీ పుట్టుకను ఇరవయ్యో శతాబ్దపు ఇటలీ చరిత్రలో అతి ముఖ్యమైన ఘటనల్లో ఒకటిగా లెక్కగట్టిన చరిత్రకారుడు ఫెదెరికో చాబోద్ క్యాథలిక్ వర్గాల మనిషి కాడు.

ఈ బలం ఎక్కడినుంచి వచ్చింది? విచారణ గురువుల నుంచి కొంత, పల్లెటూళ్లలో ముందునుంచీ ఉన్న పరపతి సంఘాల నుంచి కొంత. ఎక్కువ భాగం వచ్చింది రైతు సంఘాల నుంచి. సోషలిస్టుల ఎర్ర సంఘాలకు పోటీగా లేచిన వీటిని తెల్ల సంఘాలన్నారు. క్యాథలిక్ కార్మిక సమాఖ్యలో 1920 నాటికి 11 లక్షలకు పైగా సభ్యులు ఉంటే, అందులో అధికభాగం పాలుకు సేద్యం చేసేవాళ్లు, కౌలుదార్లు, చిన్న రైతులు. సోషలిస్టులు భూమి అంతా సమష్టి చేయాలన్నారు. తెల్ల సంఘాలు దున్నేవాడికి భూమి కావాలన్నాయి. మన కోస్తా, తెలంగాణ కౌలు పోరాటాల చరిత్ర తెలిసినవాళ్లకు ఈ తేడా ఎంత లోతైనదో నేను చెప్పనక్కరలేదు.

క్రెమోనా జిల్లాలో గ్విదో మిల్యోలి అనే న్యాయవాది తెల్ల సంఘాలను నడిపాడు. పాలపశువుల కొట్టాల్లో పనిచేసే కూలీలు కూలి పెంపుతో ఆగకుండా వ్యవసాయం నడపడంలో, లాభంలో వాటా అడిగేలా చేశాడు. 1921లో మధ్యవర్తిగా కూర్చున్న వ్యవసాయ శాస్త్ర ఆచార్యుడు బియాంకి వాళ్లకు అనుకూలంగా తీర్పు చెప్పాడు. భూస్వాములు దాన్ని అమలు చేయలేదు. అదే జిల్లాలో ఫాసిస్టు ముఠాలకు నాయకుడు రొబెర్తో ఫరినాచ్చి. ఫాసిస్టు దాడులంటే మనకు ఎర్ర సంఘాల కార్యాలయాలు తగలబడటమే గుర్తొస్తుంది. తెల్ల సంఘాలవీ, వాటి సహకార దుకాణాలవీ, క్యాథలిక్ యువజన సంఘాలవీ తగలబడ్డాయి. లాఠీకీ ఆముదం తాగించడానికీ వాళ్లు జెండా రంగు చూడలేదు. భూస్వామికి ఎవరు అడ్డొస్తే వాళ్ల మీదికి వెళ్లారు.

ఇక 1922. మాస్టారి ప్రశ్నకు జవాబు ఈ ఏడాదిలో ఉంది.

ఫిబ్రవరిలో బొనోమి ప్రభుత్వం పడిపోయింది. పాతకాపు జొలిట్టి మళ్లీ వస్తాడని అందరూ అనుకున్నారు. పాపులర్ పార్టీ ఒప్పుకోలేదు. ఎన్నికైన సభ్యుడు కూడా కాని ఒక గురువు, అయిదుసార్లు ప్రధానిగా చేసినవాణ్ని అడ్డుకున్నాడని ఉదారవాదులు స్టుర్జోను చచ్చేదాకా క్షమించలేదు. ఆ అడ్డు వల్లే ఫాసిజం వచ్చిందని రాసినవాళ్లు కూడా ఉన్నారు. నేను ఒప్పుకోను. 1921 ఎన్నికల్లో ఫాసిస్టులను తన జాతీయ కూటమి జాబితాల్లోకి తీసుకుని సభలో కూర్చోబెట్టింది జొలిట్టియే. 1922 నవంబరులో ముస్సోలినికి విశ్వాస ఓటు వేసినవాళ్లలోనూ జొలిట్టి ఉన్నాడు. అటువంటివాడు ఫాసిజాన్ని ఆపేవాడని చెప్పడానికి ఆధారం లేదు. జొలిట్టిని కాదన్నప్పుడు వేరే దారి చూపించే బాధ్యత పార్టీ మీద పడింది. ఫక్తా అనే బలహీనుణ్ని ప్రధానిగా అంగీకరించి ఆ బాధ్యత తప్పించుకుంది. తప్పు అక్కడుంది.

జులైలో క్రెమోనాలో ఫరినాచ్చి మనుషులు మిల్యోలి ఇల్లు ధ్వంసం చేశారు. పాపులర్ పార్టీ మండిపడి మద్దతు ఉపసంహరించుకుంది. ఫక్తా ప్రభుత్వం కూలింది. ఇప్పుడేమిటి? అంకెలు ముందున్నాయి. సోషలిస్టులూ పాపులర్ పార్టీ కలిస్తే 231. ఫాసిజం వద్దనే ఉదారవాదులు కొందరు తోడైతే 268 అందేదే. సోషలిస్టుల్లో సంస్కరణవాది ఫిలిప్పో తురాటి పార్టీ క్రమశిక్షణ పక్కనపెట్టి జులై చివర్లో రాజును కలవడానికి వెళ్లాడు. పాపులర్ పార్టీ పార్లమెంటు పెద్ద ఫిలిప్పో మేదాను ప్రభుత్వం ఏర్పాటు చేయమని రాజు అడిగాడు. మేదా కాదన్నాడు.

ఎందుకు కాదన్నాడో ఒక్క మనిషి స్వభావంతో తేల్చేయలేం. సోషలిస్టు పార్టీలో మెజారిటీ వర్గం, బూర్జువా ప్రభుత్వంలో చేరేవాడెవడైనా ద్రోహి అంటోంది. ఎర్ర, తెల్ల సంఘాలు ఊరూరా కొట్టుకున్న గాయాలు పచ్చిగా ఉన్నాయి. ఎర్ర సంఘాల దృష్టిలో స్టుర్జో నల్లగౌను వేసుకున్న భూస్వామి ఏజెంటు. ఇటుపక్క పాపులర్ పార్టీ సెనేటర్లు కొందరు, సోషలిస్టులతో చేతులు కలిపితే ఊరుకోమని స్టుర్జోకు నిరసన లేఖ రాశారు. ఆ ఫిబ్రవరిలో పోప్ అయిన పదకొండో పియస్‌కు పార్లమెంటు పార్టీల మీద నమ్మకం తక్కువ, బోల్షివిక్కులంటే భయం ఎక్కువ. వార్సాలో వాటికన్ రాయబారిగా ఉండగా 1920లో ఎర్రసైన్యం నగరం అంచుకు రావడం కళ్లారా చూసినవాడు. ఇవన్నీ నిజమే. అయినా అంటాను, మేదా ఆ రోజు ఒప్పుకుని ఉండాల్సింది. ఓడిపోయినా సభలో ఓడిపోయేవాళ్లు. ఆ వెంటనే ఆగస్టు మొదట్లో సోషలిస్టుల సార్వత్రిక సమ్మె, దాన్ని సాకుగా తీసుకుని ఫాసిస్టుల దాడులు, మళ్లీ అదే ఫక్తా. నల్లచొక్కాల దండు రోమ్ మీదికి కదిలిన అక్టోబరు 28 నాటికి దానికి ఎదురు నిలిచే ప్రభుత్వం లేదు. రాజు ముస్సోలినిని పిలిచాడు.

అక్టోబరు చివర్లో ఏర్పడిన ముస్సోలిని మంత్రివర్గంలో పాపులర్ పార్టీవాళ్లు చేరారు. తంగోర్రాకు ఖజానా, కవత్సోనికి కార్మిక శాఖ. సహాయమంత్రుల్లో యువకుడు జొవాన్ని గ్రోంకి ఉన్నాడు. స్టుర్జో వద్దన్నాడు, పార్లమెంటు పక్షం వినలేదు. లోపలుండి ముస్సోలినిని చట్టబద్ధ దారికి తేవచ్చని వాళ్ల ఆశ. దె గాస్పెరి కూడా ఆనాడు అటే ఉన్నాడు. నవంబరు 17న విశ్వాస ఓటుకు 306 మంది అనుకూలం, 116 మంది వ్యతిరేకం. సభను అవమానించిన ప్రసంగం విన్న మర్నాడే ఆ ఓటు వేశారు. ముప్పై అయిదు మంది ఉన్నవాడికి 306 ఓట్లు వచ్చాయి. వాటిలో పాపులర్ పార్టీ ఓట్లున్నాయి. ఆ పార్టీని అభిమానించి చదివేవాళ్లం దీన్ని దాచకూడదు.

1923 జనవరిలో ముస్సోలిని, కార్డినల్ గాస్పార్రి రహస్యంగా కలుసుకున్నారు. ఎవరింట్లో? పార్టీ పిలుపు మీద సంతకం చేసిన సాంతూచ్చి ఇంట్లో. చర్చికి కావలసినవి ఇకపై ఒక పార్టీ ద్వారా, ఓట్ల ద్వారా సంపాదించనక్కరలేదు, ప్రభుత్వాధినేతతో నేరుగా మాట్లాడుకోవచ్చన్నది వాటికన్‌కు అర్థమైంది. అంతటితో స్టుర్జో వాళ్లకు అక్కరలేనివాడయ్యాడు.

ఏప్రిల్‌లో తొరీనో మహాసభ. ఫాసిజంతో సహకారం గురించి మెత్తగా తీర్మానం రాసుకున్నా, స్టుర్జో ప్రసంగం విన్నవాళ్లకు ఆయన ఎటున్నాడో స్పష్టంగా తెలిసింది. రాజ్యమే సర్వస్వం అన్న ఆలోచనను ఆయన నేరుగా ఖండించాడు. ముస్సోలిని రెండు వారాల్లోపే పాపులర్ మంత్రులను సాగనంపాడు. ఆ వెంటనే అచెర్బో ఎన్నికల బిల్లు వచ్చింది. 25 శాతం ఓట్లతో ముందు నిలిచిన జాబితాకు మూడింట రెండొంతుల స్థానాలు, అంటే 535లో 356. దామాషా పద్ధతి పాపులర్ పార్టీకి ఊపిరి. ఆ బిల్లు పాసైతే పార్టీ బతకదు. స్టుర్జో ఎదిరించడానికి సిద్ధమయ్యాడు. జూన్ 25న వాటికన్‌కు దగ్గరివాడైన మోన్సిన్యోర్ పూచ్చి ఒక రోమ్ పత్రికలో వ్యాసం రాశాడు. స్టుర్జో చర్చికి ఇబ్బందులు తెచ్చిపెట్టకూడదని సారాంశం. పార్టీ తప్పుకోకపోతే చర్చి సంస్థల మీద దాడులు తప్పవని ఫాసిస్టులు బెదిరిస్తున్న రోజులవి. జులై 10న స్టుర్జో పార్టీ కార్యదర్శి పదవికి రాజీనామా చేశాడు.

అయిదు రోజులకు సభలో ఓటింగ్. పాపులర్ పార్టీ తటస్థంగా ఉండాలని తీర్మానించుకుంది. కవత్సోనితో సహా కొందరు ఆ తీర్మానం కూడా మీరి ప్రభుత్వానికి ఓటేసి బహిష్కృతులయ్యారు. తనను చంపే చట్టం మీద తటస్థంగా ఉన్న పార్టీ.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. తన పార్టీ చర్చిది కాదని స్టుర్జో అయిదేళ్లు ప్రతి వేదిక మీదా చెప్పాడు. అది నిజాయితీగా చెప్పాడు, ఆచరించాడు. కానీ పార్టీ కార్యదర్శి గురువు. ఆయన పై అధికారులు బిషప్పులు, పోప్. వాళ్లు తప్పుకో అన్న రోజున పౌరుడిగా కాదనే హక్కు ఆయనకుంది, గురువుగా లేదు. ఆయన విధేయుడయ్యాడు. దాన్ని నేను పిరికితనం అనను. తన వ్రతం ఆయనకు రాజకీయం కంటే పెద్దది. మరి అటువంటి మనిషి ఆ పదవిలో ఉండవచ్చా? ఆ కుర్చీలో మొదటినుంచీ దె గాస్పెరివంటి సంసారి కూర్చుని ఉంటే, వాటికన్ ఒక్క మాటతో పార్టీ తల తీసేయగలిగేది కాదు.

ఆగస్టు 23 రాత్రి ఫెర్రారా జిల్లా అర్జెంతాలో విచారణ గురువు జొవాన్ని మింజోనిని ఫాసిస్టు ముఠా కర్రలతో కొట్టి చంపింది. యుద్ధంలో సైనికుల మధ్య గురువుగా పనిచేసి వెండి పతకం పొందినవాడు. ఊళ్లో యువకులను ఫాసిస్టు సంఘాల్లో చేర్చకుండా క్యాథలిక్ స్కౌట్లుగా కూడగట్టడం ఆయన నేరం. ఆ ప్రాంతానికి ఫాసిస్టు నాయకుడు ఈతాలో బాల్బో. పార్టీ పత్రిక ఇల్ పోపొలోలో సంపాదకుడు జుజెప్పె దొనాతి ఈ హత్యనూ, మరుసటి ఏడు సోషలిస్టు సభ్యుడు మత్తెయొట్టి హత్యనూ పట్టుకుని పెద్దవాళ్ల పేర్లు బయటపెట్టాడు. ప్రాణానికి ముప్పొచ్చి పారిస్ వెళ్లి అక్కడే 1931లో చనిపోయాడు. ఈ పార్టీలో నేను ఎక్కువ గౌరవించేది ఇటువంటివాళ్లను.

1924 ఏప్రిల్ ఎన్నికలు దౌర్జన్యం మధ్య జరిగాయి. అయినా పాపులర్ పార్టీకి 9 శాతం ఓట్లు, 39 స్థానాలు వచ్చాయి. ప్రతిపక్ష జాబితాల్లో అదే పెద్దది. చీలికలైన సోషలిస్టులు, కమ్యూనిస్టులు తర్వాతే. జూన్‌లో మత్తెయొట్టిని ఎత్తుకెళ్లి చంపినప్పుడు దేశం ఒక్కసారి కదిలింది. ప్రతిపక్షాలు సభను బహిష్కరించాయి. దె గాస్పెరి అప్పటికి పార్టీ కార్యదర్శి. తురాటి సంస్కరణవాదులతో కలిసి ప్రత్యామ్నాయం సాధ్యమన్న మాట రెండేళ్ల ఆలస్యంగానైనా మొదలైంది. సెప్టెంబరు 8న క్యాథలిక్ విద్యార్థులతో మాట్లాడుతూ పోప్ పదకొండో పియస్ సోషలిస్టులతో సహకారాన్ని తప్పుపట్టాడు. ఆ మాటతో దారి మూసుకుపోయింది. అక్టోబరు 25న స్టుర్జో లండన్ బయల్దేరాడు. కొన్నాళ్లు బయట ఉండిరమ్మన్నట్టు పంపారు. ఇరవై రెండేళ్లు తిరిగి రాలేదు.

మిగిలింది త్వరగా చెప్పేస్తాను. 1925 జూన్‌లో రోమ్‌లో చివరి మహాసభ. ఏడాది చివరికి దె గాస్పెరి కూడా తప్పుకున్నాడు. 1926 నవంబరులో ప్రతిపక్ష పార్టీలన్నీ రద్దయ్యాయి, సభను బహిష్కరించినవాళ్ల సభ్యత్వాలు పోయాయి. 1927 మార్చిలో దె గాస్పెరిని రైల్లో పట్టుకుని జైల్లో పెట్టారు. విడుదలయ్యాక వాటికన్ గ్రంథాలయంలో పుస్తకాల జాబితాలు రాసే చిన్న ఉద్యోగం దొరికింది. 1929 ఫిబ్రవరి 11న వాటికన్, ముస్సోలిని లాతెరన్ ఒప్పందాల మీద సంతకాలు చేశారు. జర్మనీలోనూ ఇదే జరిగింది. అరవై ఏళ్ల చరిత్ర ఉన్న క్యాథలిక్ సెంటర్ పార్టీ 1933 మార్చిలో హిట్లర్‌కు సర్వాధికారాలిచ్చే చట్టానికి ఓటేసి, జులై 5న తనను తాను రద్దు చేసుకుంది. పదిహేను రోజులకు వాటికన్‌తో హిట్లర్ ప్రభుత్వం ఒప్పందం కుదిరింది.

స్టుర్జో లండన్‌లో, 1940 తర్వాత అమెరికాలో ఉండి రాస్తూనే ఉన్నాడు. ఫాసిజం మీద, చర్చికీ రాజ్యానికీ ఉన్న సంబంధం మీద, యుద్ధం చట్టబద్ధం కాకుండా చేయడం మీద. 1946 సెప్టెంబరులో నేపుల్స్ రేవులో దిగేనాటికి దె గాస్పెరి దేశ ప్రధాని. పాత పార్టీ మనుషులతో కట్టిన క్రిస్టియన్ డెమొక్రసీ పార్టీ పాలిస్తోంది. స్టుర్జో అందులో చేరలేదు. 1952లో రాష్ట్రపతి ఎయినావుది ఆయన్ను జీవితకాల సెనేటర్‌ను చేశాడు. అక్కడ కూర్చుని ప్రభుత్వ సంస్థల్లో డబ్బు దుబారా మీద, పార్టీలు రాజ్యాన్ని మింగేయడం మీద తనవాళ్లనే నిలదీశాడు. అదే ఏడు మరో సంగతి జరిగింది. రోమ్ మునిసిపల్ ఎన్నికల్లో కమ్యూనిస్టులను ఆపడానికి పాత ఫాసిస్టులను కూడా కలుపుకున్న జాబితాకు ఆయన పేరు పెట్టుకోవాలని వాటికన్ పెద్దలు చూశారు. కొన్నాళ్లు ఆయన ఆ ప్రయత్నంలో చిక్కుకుని, చివరికి వదిలేశాడు. దె గాస్పెరి మొదటినుంచీ ఎదిరించాడు. గురువు నేర్పిన పాఠాన్ని ఆ రోజు శిష్యుడు గట్టిగా పట్టుకున్నాడు. 1959 ఆగస్టు 8న స్టుర్జో రోమ్‌లో కన్నుమూశాడు.

క్రిస్టియన్ డెమొక్రసీ 1994 దాకా బతికింది, దాదాపు ప్రతి ప్రభుత్వంలోనూ ఉంది, అవినీతి కేసుల్లో కూలిపోయింది. కూలినప్పుడు మిగిలినవాళ్లు వెతుక్కున్న పేరు పాత పాపులర్ పార్టీది. 1994 జనవరి 18న, అంటే పిలుపు వెలువడి సరిగ్గా డెబ్బై అయిదేళ్లకు, ఆ పేరుతోనే మళ్లీ పార్టీ పెట్టుకున్నారు. అదీ ఎనిమిదేళ్లే నిలిచింది.

విద్యార్థులకు నా మనవి ఒకటి. మత విశ్వాసానికీ పార్టీకీ ఉండే సంబంధం గురించి రాసేటప్పుడు గెలిచిన పార్టీలను మాత్రమే తీసుకోకండి. స్టుర్జో 1905 ప్రసంగమూ, 1919 పన్నెండు అంశాలూ ముందు చదవండి. ఆ కార్యక్రమంలో ఏవి నెరవేరాయో, ఎప్పుడు నెరవేరాయో లెక్క తీయండి. స్త్రీలకు ఓటు 1945లో, ఎన్నికైన సెనేట్ 1948 రాజ్యాంగంతో, అన్ని ప్రాంతాలకూ ఎన్నికైన మండళ్లు 1970లో. 1922 జులైలో ప్రభుత్వం చేపట్టకపోవడం పాపులర్ పార్టీ చేసిన తప్పు. ఆ తప్పు దిద్దుకోవడానికి 1923లో, 1924లో అది ప్రయత్నించినప్పుడు కాళ్ల కింద నేల లాగేసింది దాని సొంత చర్చి. ఈ రెండిట్లో రెండోదే పెద్ద తప్పని నా తీర్పు.